ఒబామా ఇల్లినాయ్ సెనేట్ ఏళ్ళు (1997–2004): లాయరు చదువు ఎక్కడెక్కడ అక్కరకొచ్చింది?

గోదారిగట్టు:
అందరికీ నమస్కారం. ఒబామా గురించి తెలుగులో రాసినవి చూస్తే చాలావరకు 2004లో బోస్టన్‌లో డెమొక్రాటిక్ పార్టీ మహాసభలో చేసిన ప్రసంగంతో మొదలై 2008 గెలుపుతో ముగుస్తాయి. అంతకుముందు దాదాపు ఎనిమిదేళ్ళు ఆయన ఇల్లినాయ్ రాష్ట్ర సెనేటర్. ఆ కాలాన్ని రెండు ముక్కల్లో తేల్చేస్తారు.

నా ఉద్దేశం ముందే చెప్తాను. ఆ ఏళ్ళు అర్థం కావాలంటే ఎన్నికల చట్టం, సభా నిబంధనలు దగ్గర పెట్టుకుని చదవాలి. సీటు దక్కడం, ఓడిపోయినా సీటు మిగలడం, బిల్లు నెగ్గడం, మూడూ వాటిచుట్టే తిరిగాయి. తెలిసినవాళ్ళు వివరాలతో రాయండి. ముఖ్యంగా మూడు సంగతులు కావాలి: లాయరుగా ఆయన నిజంగా చేసిన పని ఏమిటి, 1996లో పోటీయే లేకుండా ప్రైమరీ (పార్టీ అభ్యర్థిని ఓటర్లే ఎంచుకునే ఎన్నిక) ఎలా గెలిచారు, సభలో అవుననీ కాదనీ అనకుండా అన్నిసార్లు "ప్రెజెంట్" అని ఎందుకు ఓటేశారు.

నల్లకోటు:
మొదటిదానికి నేను రాస్తాను.

1990లో హార్వర్డ్ లా రివ్యూ అనే, విద్యార్థులు నడిపే న్యాయశాస్త్ర పత్రికకు అధ్యక్షుడయ్యారు. ఆ పదవికి ఎన్నికైన తొలి నల్లజాతి విద్యార్థి ఆయనే. 1991లో డిగ్రీ చేతికొచ్చింది. ఆ అర్హతతో పెద్ద కార్పొరేట్ సంస్థల్లో దేనికైనా వెళ్ళొచ్చు. ఆయన షికాగో వచ్చి, 1992లో ప్రాజెక్ట్ ఓట్ అనే ఓటర్ల నమోదు కార్యక్రమాన్ని ఇల్లినాయ్‌లో నడిపారు. సుమారు లక్షన్నర మంది కొత్త ఓటర్లు చేరారు. ఈ అంకె గుర్తుపెట్టుకోండి, 1996 సంగతి చర్చకొచ్చినప్పుడు పనికొస్తుంది.

1993లో డేవిస్, మైనర్, బార్న్‌హిల్ అండ్ గాలండ్ అనే చిన్న సంస్థలో చేరారు. పౌరహక్కులు, ఓటుహక్కులు, ఉద్యోగాల్లో వివక్ష, ఇళ్ళ నిర్మాణం, ఇవీ వాళ్ళు తీసుకునే కేసులు. జూనియర్ కాబట్టి కోర్టులో లేచి వాదించింది తక్కువ. పరిశోధన, మెమోలు, కోర్టుకిచ్చే రాతపూర్వక వాదనలైన బ్రీఫ్‌లలో తన వంతు భాగం రాయడం, ఇదే రోజువారీ పని.

చెప్పుకోదగ్గ కేసు 1995 నాటిది. డ్రైవింగ్ లైసెన్సు కోసం వెళ్ళినచోటే ఓటరుగా నమోదు చేసుకునే వీలు కల్పిస్తూ అమెరికా కాంగ్రెస్ (అక్కడి పార్లమెంటు) 1993లో చట్టం చేసింది. జనం దాన్ని మోటర్ వోటర్ చట్టం అంటారు. గవర్నర్ జిమ్ ఎడ్గర్ హయాంలో ఇల్లినాయ్ దీన్ని అమలు చేయనంది. దావా వేసిన ఏకార్న్ అనే ప్రజాసంఘం తరఫు లాయర్ల బృందంలో ఒబామా ఉన్నారు. జిల్లా కోర్టు అమలు చేయమంది, సెవెంత్ సర్క్యూట్ అప్పీలు కోర్టు కూడా అదే ఏడాది ఆ ఆదేశాన్ని చాలావరకు నిలబెట్టింది.

దీనికి సమాంతరంగా 1992 నుంచి 2004 దాకా షికాగో యూనివర్సిటీ లా స్కూల్లో పాఠాలు చెప్పారు. సమాన రక్షణ సూత్రం, జాతివివక్ష – చట్టం, ఓటుహక్కులు ఆయన సబ్జెక్టులు. ఓటుహక్కుల పాఠం చెప్పే మనిషికి నియోజకవర్గం గీతలు ఎక్కడ పడితే ఎవరికి లాభమో విడిగా చెప్పక్కర్లేదు కదా.

షికాగోతెలుగు:
నల్లకోటు గారు చక్కగా రాశారు. రెండోది నాది.

1995లో షికాగో దక్షిణ భాగంలోని కాంగ్రెస్ సభ్యుడు మెల్ రెనాల్డ్స్ క్రిమినల్ కేసులో దోషిగా తేలి రాజీనామా చేశారు. 13వ డిస్ట్రిక్ట్ రాష్ట్ర సెనేటర్ ఆలిస్ పామర్ ఆ కాంగ్రెస్ సీటుకు బరిలో దిగారు. ఖాళీ కాబోయే ఆమె సీటుకు ఒబామా, ఆమె మద్దతుతోనే, నిలబడ్డారు. నవంబరు చివర జరిగిన ప్రైమరీలో పామర్ ఓడిపోయారు, జెస్సీ జాక్సన్ జూనియర్ గెలిచారు. దాంతో ఆమె తన పాత సీటు తనకే కావాలన్నారు. ఒబామా తప్పుకోలేదు.

ఇల్లినాయ్‌లో ప్రైమరీ బ్యాలెట్ మీద పేరు రావాలంటే ఆ డిస్ట్రిక్ట్ ఓటర్ల సంతకాలతో పిటిషన్ దాఖలు చేయాలి. అప్పుడు 13వ డిస్ట్రిక్ట్‌కు కావలసినవి 757. పామర్ హడావుడిగా సేకరించి డిసెంబరులో 1,580 వేశారు. పిటిషన్‌ను ఎన్నికల బోర్డు తనంతట తాను సంతకం సంతకంగా పరిశీలించదు. పైపైన సక్రమంగా ఉంటే అది చెల్లినట్టే. ఎవరైనా అభ్యంతరం వేస్తేనే లెక్క మొదలవుతుంది. గడువు అయిదు పనిదినాలు మాత్రమే.

1996 జనవరి 2న ఒబామా మనుషులు షికాగో ఎన్నికల బోర్డులో అభ్యంతరాలు వేశారు. పామర్ మీద ఒక్కరి మీదే వేయలేదు, పోటీలో ఉన్న నలుగురి మీదా వేశారు. పని ఎలా జరుగుతుందంటే, పిటిషన్ కాగితం ఒకవైపు, ఓటర్ల జాబితా ఒకవైపు పెట్టుకుని వరస వరసా చూస్తారు. సంతకం చేసినవాళ్ళు ఆ చిరునామాలో నమోదై ఉన్నారా? ఇల్లు డిస్ట్రిక్ట్ గీతకు లోపల ఉందా? సంతకం ఓటరు కార్డు మీదున్నట్టు ఉందా, పొడి అక్షరాల్లో పేరు రాసి వదిలేశారా? సంతకాలు సేకరించినవాళ్ళకు ఆ అర్హత ఉందా? ఏ ఒక్కటి తప్పినా ఆ వరస పోతుంది. సేకరించినవాళ్ళకే అర్హత లేకపోతే కాగితం మొత్తం పోతుంది.

ఇక్కడ చాలామంది పట్టించుకోని వివరం ఒకటుంది. అప్పుడే ఓటర్ల జాబితా ప్రక్షాళన జరిగింది. 13వ డిస్ట్రిక్ట్ ఒక్కదాన్నుంచే 15,871 పేర్లు తీసేశారు. పాత జాబితా పట్టుకుని ఇల్లిల్లూ తిరిగినవాళ్ళకు తెలియకుండానే చెల్లని సంతకాలు పోగయ్యాయి.

పామర్‌కు చివరికి చెల్లినవి 561, అంటే 196 తక్కువ. ఆమె విరమించుకున్నారు. మిగతా ముగ్గురూ బ్యాలెట్ ఎక్కలేదు. మార్చి ప్రైమరీలో ఒబామా ఒక్కరే. ఆ డిస్ట్రిక్ట్‌లో డెమొక్రాట్ ప్రైమరీ గెలిస్తే నవంబరు లాంఛనమే.

లెక్కలమాస్టారు:
పై అంకెల మీద చిన్న లెక్క. పామర్ సంతకాల్లో చెల్లినవి 35.5 శాతం. ఇంకో అభ్యర్థి 1,899 వేసి 69 తక్కువతో పోయారు, అంటే చెల్లినవి 688, సుమారు 36 శాతం. మరొకరు 1,286 వేసి 86 తక్కువతో పోయారు, 671 చెల్లాయి, 52 శాతం. అంటే మొదటి ఇద్దరి పిటిషన్లు నాణ్యతలో ఒకేలా ఉన్నాయి.

కనీస సంఖ్యకు రెండింతలు తెస్తే చాలన్న ధీమా ఇక్కడే దెబ్బతింది. 36 శాతమే చెల్లే పరిస్థితిలో 757 దాటాలంటే 2,100కు పైగా కావాలి. ఇప్పుడు ఇల్లినాయ్ సెనేట్‌కు ప్రధాన పార్టీల అభ్యర్థులకు కనీసం 1,000, గరిష్ఠం 3,000. అదే 36 శాతం పడితే, గరిష్ఠం నింపినా 1,080 దగ్గర ఆగుతాం. కాబట్టి ఎన్ని తెచ్చాం అన్నదానికంటే ఎలా తెచ్చాం అన్నదే చూసుకోవాలి. తాజా ఓటర్ల జాబితా చేతిలో పెట్టుకుని, అందులో ఉన్న తలుపే తట్టి, అక్కడికక్కడే సరిచూసుకోవాలి. బస్టాపుల దగ్గరా సూపర్ మార్కెట్ల ముందూ సేకరించిన వాటిలో డిస్ట్రిక్ట్ బయటివాళ్ళు ఎక్కువ తగులుతారు. దాఖలు చేసేముందు మన పిటిషన్ మనమే ప్రత్యర్థిలా కూర్చుని కొట్టేసుకుంటూ పోవాలి, మిగిలినవే అసలు సంఖ్య.

ఓరుగల్లు:
వివరాలు బాగున్నాయి, కానీ నాకిది మింగుడు పడదు. లక్షన్నర మందిని ఓటర్లుగా చేర్పించిన మనిషి, తన మొదటి ఎన్నికలో ఓటరుకు ఎంచుకునే అవకాశమే లేకుండా చేశారు. పామర్ ఆ డిస్ట్రిక్ట్‌లో పనిచేసిన సెనేటర్. ఆమె మీద గెలవాలంటే జనం దగ్గర గెలవాలి. పొడి అక్షరాల్లో పేరు రాసిన ముసలావిడ నిజంగానే ఆ డిస్ట్రిక్ట్ ఓటరు అయ్యుండొచ్చు కదా. ఆమె సంతకం కొట్టేసి ఆమె కోరుకున్న పేరు బ్యాలెట్ మీద లేకుండా చేయడం న్యాయం ఎలా అవుతుంది? మన దగ్గర కూడా నామినేషన్లు తిరస్కరిస్తారు గానీ ఈ పద్ధతి వేరు.

నల్లకోటు:
ఓరుగల్లు గారూ, మీ బాధలో న్యాయం ఉంది. మన ప్రజాప్రాతినిధ్య చట్టంతో పోల్చి చూస్తే తేడా తేటతెల్లమవుతుంది. మనకు గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికి ఒక్క ప్రతిపాదకుడు చాలు. స్వతంత్రుడికి పదిమంది కావాలి. పరిశీలన రిటర్నింగ్ అధికారి చేస్తారు. 36వ సెక్షన్ ప్రకారం అసలు విషయాన్ని తాకని చిన్నలోపానికి నామినేషన్ తిరస్కరించకూడదు. పార్టీ టికెట్ ఎవరికన్నది పార్టీ నాయకత్వం చేతిలో ఉంటుంది.

ఇల్లినాయ్‌లో టికెట్ ఓటరు చేతిలో ఉంది కాబట్టి, పోటీకి వచ్చేవాళ్ళను వడకట్టే పని సంతకాలకు అప్పజెప్పారు. ప్రత్యర్థి పిటిషన్‌ను పరీక్షించడం షికాగోలో ఏనాటినుంచో ఉన్న పద్ధతి, ఆయన కనిపెట్టింది కాదు. అలాగని సమర్థించేసి ఊరుకోను. నిజమైన ఓటరు సంతకం ఆకారం బాగోలేదని కొట్టేయడం చట్టంలోని లోపమే. పాత జాబితాతో తిరిగి, పేరు తీసేసినవాళ్ళతో సంతకం పెట్టించుకోవడం మాత్రం అభ్యర్థి తప్పు. రెండూ ఒకే గాటన కట్టలేం.

ఓరుగల్లు:
ఆ విభజన ఒప్పుకుంటాను. కానీ నలుగురి మీదా వేయడం నాకు ఇంకా ఎక్కువే అనిపిస్తుంది. పామర్ ఒక్కరు పోతే గెలుపు ఖాయమైన పరిస్థితిలో మిగతా ముగ్గురు ఉంటే ఏం పోయేది? కనీసం ఒక పోటీ జరిగేది.

చట్టసభ:
ఆ చర్చ తెగదు గానీ, రాష్ట్ర రాజధాని స్ప్రింగ్‌ఫీల్డ్ వెళ్ళాక ఏమైందో నేను రాస్తాను.

ఇల్లినాయ్ సెనేట్‌లో 59 మంది, హౌస్‌లో 118 మంది. 1997 జనవరిలో ఒబామా ప్రమాణం చేసేనాటికి సెనేట్ రిపబ్లికన్లది, సభాధ్యక్షుడు (ప్రెసిడెంట్) పేట్ ఫిలిప్. మొదటి ఆరేళ్ళూ ఇదే పరిస్థితి. ప్రతి బిల్లూ ముందు రూల్స్ కమిటీకి వెళ్తుంది. ఆ కమిటీ ఏదో ఒక సబ్జెక్టు కమిటీకి పంపితేనే దానికి ఊపిరి. మైనారిటీ పక్షం, అంటే సీట్లు తక్కువున్న పార్టీ, బిల్లులు చాలావరకు అక్కడే పడుంటాయి, ఓటింగ్ దాకా రావు, ఓడిపోయినట్టు కూడా నమోదు కాదు.

అలాంటి సభలో మైనారిటీ సభ్యుడి బిల్లు కదలాలంటే అవతలి పక్షంలో చేయి కలిపేవాళ్ళు ఉండాలి. 1998 నాటి గిఫ్ట్ బ్యాన్ చట్టం అలా వచ్చిందే. రిపబ్లికన్ సెనేటర్ కర్క్ డిల్లార్డ్, ఒబామా కలిసి నడిపారు. అమెరికా సెనేట్ మాజీ సభ్యుడు పాల్ సైమన్ వెనక నిలబడ్డారు. ప్రచార నిధులను సొంతానికి వాడుకోకూడదు, లాబీయిస్టులు ఇచ్చే కానుకల్లో చాలావాటికి అడ్డుకట్ట, విరాళాల వివరాలు ఎలక్ట్రానిక్ పద్ధతిలో బయటపెట్టాలి, ఇవీ అందులోని ముఖ్యాంశాలు. తన తోటి సభ్యుల జేబుకు తగిలే చట్టాన్ని కొత్త సభ్యుడు మోయడం ఆషామాషీ కాదు. సొంత పక్షంలోనే చాలామంది మొహం మాడ్చారు.

ఓటింగ్ లెక్క కూడా ఇక్కడే చెప్పుకోవాలి. బిల్లు నెగ్గాలంటే హాజరైనవాళ్ళలో మెజారిటీ చాలదు, మొత్తం సభ్యుల్లో మెజారిటీ రావాలి. సెనేట్‌లో 30. మే 31 దాటాక నెగ్గిన బిల్లు వెంటనే అమల్లోకి రావాలంటే అయిదింట మూడు వంతులు, అంటే 36. అందుకే మే నెలాఖరు రోజుల్లో అర్ధరాత్రుళ్ళు దాకా సభ నడుస్తుంది.

గోదారిగట్టు:
అయితే "ప్రెజెంట్" ఓటు సంగతి ఇక్కడే తేలిపోతుందేమో?

చట్టసభ:
అవునండీ, చాలావరకు. 30 రావాల్సిందే అన్నప్పుడు "ప్రెజెంట్" అంటే లెక్కలో వ్యతిరేకించినట్టే, 30కి ఒకటి చేరదు. పేరుకు మాత్రం "నో" పడదు. ఆయన సుమారు 4,000 ఓట్లలో 129 సార్లు అలా వేశారని 2007లో లెక్క తేల్చారు. శాతంలో చూస్తే మూడు పైచిలుకు.

అవన్నీ ఒకే రకం కావు. ఉద్దేశం మంచిదే గానీ వాక్యం రాజ్యాంగానికి నిలబడదు అనుకున్నచోట కొన్ని. ఇక్కడ పాఠాలు చెప్పే లాయరు కనిపిస్తారు. గర్భస్రావం బిల్లుల మీద, గర్భస్రావ హక్కుల పక్షాన నిలిచే ప్లాన్డ్ పేరెంట్‌హుడ్ సంస్థతో మాట్లాడుకుని కొందరు సభ్యులు కలిసి వేసినవి కొన్ని. గెలుపు కష్టమైన డిస్ట్రిక్ట్ సభ్యులు "నో" అంటే ప్రచారంలో దెబ్బ తింటారు, సురక్షిత సీటువాళ్ళు కూడా "ప్రెజెంట్" అంటే వాళ్ళకు తోడు దొరుకుతుంది. ఇంకొన్నింట్లో మాత్రం ఇబ్బందికరమైన విషయాన్ని తప్పించుకోవడమే కనిపిస్తుంది. ఆయన అభిమానులు ఈ మూడోరకాన్ని ఒప్పుకోరు, ఒప్పుకోవాలి.

పెన్నానది:
ఓడినా సీటు మిగలడం గురించి ఎవరూ రాయలేదు కాబట్టి నేను.

ఇల్లినాయ్ సెనేట్ సీట్లను మూడు గుంపులు చేసి, పదేళ్ళలో కాలపరిమితులు మూడు రకాలుగా తిప్పుతారు: 4-4-2, 4-2-4, 2-4-4. 13వ డిస్ట్రిక్ట్ ఆ దశాబ్దంలో 4-2-4 వరసలో ఉంది. అందుకే 1996లో గెలిచింది రెండేళ్ళకే. 1998లో మళ్ళీ గెలిస్తే నాలుగేళ్ళు వచ్చింది. అంటే 2000లో ఆయన సెనేట్ సీటుకు ఎన్నిక లేదు. ఆ వెసులుబాటుతోనే కాంగ్రెస్ సభ్యుడు బాబీ రష్ మీద ప్రైమరీలో దిగారు, ఉన్న సీటు వదులుకోనక్కర్లేదు.

ఫలితం ఘోరం: రష్‌కు 61 శాతం, ఒబామాకు 30. కారణాలు స్పష్టమే. రష్‌కు ఆ ప్రాంతంలో దశాబ్దాల పరిచయం. ఒబామాను హైడ్ పార్క్ పేటలోని యూనివర్సిటీ మనిషిగానే చూశారు. 1999 అక్టోబరులో రష్ కొడుకు హత్యకు గురయ్యాడు, ఊరంతా ఆయన దుఃఖంలో పాలుపంచుకుంది. ఆ డిసెంబరులో తుపాకుల నియంత్రణ బిల్లు మీద ప్రత్యేక సమావేశం పెడితే, ఒబామా హవాయిలో ఉన్నారు, పాపకు ఒంట్లో బాగోలేదని తిరిగి రాలేదు. బిల్లు కొద్దిలో పోయింది. పత్రికలు దుమ్మెత్తిపోశాయి.

అంత దెబ్బ తిన్నా మర్నాడు ఆయన రాష్ట్ర సెనేటరే. 2002లో మళ్ళీ గెలిచిన సీటు కూడా నాలుగేళ్ళది కావడంతో 2004లో అమెరికా సెనేట్‌కు కూడా అదే వెసులుబాటుతో పోటీచేశారు.

షికాగోతెలుగు:
పెన్నానది గారి మాటకు 2001 కలపాలి. నియోజకవర్గాల గీతల మీద రెండు సభలూ ఒక అంగీకారానికి రాకపోతే నలుగురు డెమొక్రాట్లు, నలుగురు రిపబ్లికన్లతో కమిషన్ వేస్తారు. అదీ తేల్చకపోతే రాష్ట్ర సుప్రీంకోర్టు చెరో పార్టీనుంచి ఒక్కో పేరు ఇస్తుంది, సెక్రటరీ ఆఫ్ స్టేట్ చీటీ తీస్తారు. వచ్చిన పేరే తొమ్మిదో ఓటు. 1981లో చీటీ డెమొక్రాట్లకు, 1991లో రిపబ్లికన్లకు, 2001లో జెస్సీ వైట్ తీసినప్పుడు మళ్ళీ డెమొక్రాట్లకు పడింది.

దాంతో పటం వాళ్ళే గీశారు. ఒబామా డిస్ట్రిక్ట్ పడమటి పేటలు కొన్ని వదిలేసి, సరస్సు ఒడ్డున ఉత్తరంగా డౌన్‌టౌన్ మీదుగా గోల్డ్ కోస్ట్ సంపన్నుల ఇళ్ళదాకా సాగింది. విరాళాలిచ్చేవాళ్ళు ఆయన ఓటర్లయ్యారు. 2002 ఎన్నికల్లో సెనేట్ డెమొక్రాట్ల చేతికొచ్చింది, ఎమిల్ జోన్స్ ప్రెసిడెంట్ అయ్యారు. ఆ చీటీ ఇంకోలా పడి ఉంటే ఒబామా మైనారిటీ పక్షం సభ్యుడిగానే ఉండిపోయేవారు.

చట్టసభ:
2003లో వచ్చిన రికార్డింగ్ చట్టం గురించి వివరంగా రాయాలి. నా దృష్టిలో ఆయన రాష్ట్రంలో చేసిన పనుల్లో ఇదే అన్నిటికన్నా గొప్పది.

నేపథ్యం: ఇల్లినాయ్ 1977లో మరణశిక్షను మళ్ళీ తెచ్చాక 12 మందికి ఆ శిక్ష అమలు చేసింది, 13 మంది మాత్రం నిర్దోషులుగా తేలి బయటికొచ్చారు. 2000 జనవరిలో గవర్నర్ జార్జ్ ర్యాన్ శిక్షల అమలు ఆపేశారు. పోలీసు స్టేషన్లలో బలవంతంగా రాబట్టిన ఒప్పుకోళ్ళు తప్పుడు తీర్పులకు ఒక పెద్ద కారణమని తేలింది.

హత్య కేసుల్లో విచారణను మొదటినుంచి చివరిదాకా రికార్డు చేయాలన్నది బిల్లు. పోలీసులు, ప్రాసిక్యూటర్లు ససేమిరా అన్నారు. కొత్త గవర్నర్ బ్లగోయెవిచ్ కూడా మొదట వద్దన్నారు. ఒబామా వాళ్ళందర్నీ కూర్చోబెట్టి వాక్యం వాక్యం మీద బేరమాడారు. చివరికి బిల్లు ఎలా తయారైందో చూడండి.

రికార్డు చేయని ఒప్పుకోలు కోర్టులో చెల్లదు అని నేరుగా రాయలేదు. చెల్లదని కోర్టు మొదట అనుకోవాలి అని రాశారు. అది స్వచ్ఛందంగా ఇచ్చిందనీ నమ్మదగిందనీ ప్రాసిక్యూషన్ రుజువు చేసుకుంటే ఒప్పుకోవచ్చు. అంటే రికార్డు చేయకపోతే, ఆ ఒప్పుకోలు నమ్మదగిందని నిరూపించే భారం ప్రభుత్వం మీద పడింది. మినహాయింపులు విడిగా పెట్టారు: రికార్డు చేయడం సాధ్యంకాని సందర్భం, అడగకుండానే తనంతట తాను చెప్పింది, అరెస్టు నమోదులో వేసే మామూలు ప్రశ్నలు, వేరే రాష్ట్రంలో జరిగిన విచారణ, రికార్డు చేస్తే మాట్లాడనని నిందితుడే కోరితే అది. ఆ కోరిక మాత్రం వీలైతే రికార్డవ్వాలి.

ఇంకో చిక్కు, అప్పట్లో ఇల్లినాయ్‌లో అందరి సమ్మతి లేకుండా సంభాషణ రికార్డు చేయడం నేరం. ఈ విచారణలకు ఆ చట్టంలోనూ మినహాయింపు ఇచ్చారు. లేకపోతే చట్టం పాటించిన పోలీసే ఇంకో చట్టం కింద దొరికిపోతాడు. పరికరాలు, శిక్షణ కోసం రెండేళ్ళ గడువు ఇచ్చి, 2005 జూలై నుంచి అమలు.

సెనేట్‌లో 58–0. అలాస్కా, మిన్నెసోటాల్లో అప్పటికే ఇలాంటి నియమం ఉంది, కానీ అక్కడ కోర్టు తీర్పుల ద్వారా వచ్చింది. శాసనసభ ద్వారా తెచ్చిన మొదటి రాష్ట్రం ఇల్లినాయ్.

అదే ఏడాది ట్రాఫిక్ తనిఖీల చట్టం కూడా వచ్చింది. కారు ఆపినప్పుడు డ్రైవరు జాతి, ఆపిన కారణం, సోదా చేశారా లేదా, అన్నీ నమోదు చేయాలి. 2004 జనవరి నుంచి లెక్కలు మొదలయ్యాయి.

ఓరుగల్లు:
రికార్డింగ్ చట్టం విషయంలో పూర్తిగా మీతో ఉన్నాను. కానీ ఒకటి చేర్చాలి. 2003లో మెజారిటీ రాగానే ఎమిల్ జోన్స్ ముఖ్యమైన బిల్లులు ఒబామా చేతికిచ్చారు. వాటిలో కొన్నింటిని వేరే సభ్యులు ఏళ్ళతరబడి మోశారు, వాళ్ళకు మనసు కష్టపెట్టుకునే కారణం ఉంది. ముందునుంచీ కష్టపడిన వాళ్ళ పేర్లు కూడా ఈ చరిత్రలో ఉండాలి.

నల్లకోటు:
నిజమే. అయితే బిల్లు చేతికివ్వడం వేరు, 58–0 తేవడం వేరు. రుజువు భారాన్ని ప్రభుత్వం మీద పెట్టే ఆ ఒక్క వాక్యంతో పోలీసు సంఘాలూ పౌరహక్కుల వాళ్ళూ ఒకే కాగితానికి సరే అన్నారు. లాయరు చదువు ఎక్కడ పనికొచ్చిందని గోదారిగట్టు గారు అడిగిన దానికి నేనైతే ఆ వాక్యమే చూపిస్తాను.

గోదారిగట్టు:
అందరికీ ధన్యవాదాలు. చివరిగా ఒక సందేహం. 2004 నవంబరులో అమెరికా సెనేట్‌కు గెలిచాక రాష్ట్ర సీటు ఖాళీ అయింది కదా. మనకైతే ఆరునెలల్లో ఉపఎన్నిక. అక్కడ?

షికాగోతెలుగు:
అక్కడ ఉపఎన్నిక ఉండదండీ. ఖాళీ వచ్చిన 30 రోజుల్లో, ఆ డిస్ట్రిక్ట్‌లోని అదే పార్టీ స్థానిక కమిటీవాళ్ళు ఒకర్ని నియమిస్తారు. అదే పార్టీ మనిషి అయ్యుండాలి. మిగిలిన కాలం 28 నెలలకు పైబడితే వచ్చే సాధారణ ఎన్నికలో మిగతా కాలానికి ఓటింగ్ పెట్టాలి, అంతకు తక్కువైతే నియమించినవాళ్ళే చివరిదాకా ఉంటారు. ఒబామా నవంబరు 4న రాజీనామా చేశారు, పదవీకాలం 2007 జనవరి దాకా ఉంది, అంటే సుమారు 26 నెలలు. కాబట్టి నియమితుడైన క్వామే రౌల్ 2006 దాకా ఓటర్ల ముందుకు వెళ్ళక్కర్లేకపోయింది. ఆయనా లాయరే. 2019 నుంచి ఇల్లినాయ్ అటార్నీ జనరల్‌గా ఉన్నారు.